ద్రాక్షకొండల నడుమ ఐదు వందల ఏళ్ల ఆరాధన

రుమేనియాలోని ట్రాన్సిల్వేనియాలో, మెదియాష్, సిగిషొవారా పట్టణాల మధ్య, టర్నావా మారే నదికి దక్షిణాన ఒక చిన్న లోయలో ఉంది బియెర్తాన్. పక్కనున్న కోప్షా మారే, రికిష్ గ్రామాలతో కలిసి ఇదొక కొమ్యూన్, అంటే గ్రామ పాలనా విభాగం. మూడు ఊళ్లలోనూ కోటగోడల చర్చిలున్నాయి.

12వ శతాబ్దంలో హంగరీ రాజు రెండవ గేజా ఆహ్వానంతో జర్మన్ ప్రాంతాల రైతులు, చేతిపనివారు ఇక్కడికి వలస వచ్చారు. వారే ట్రాన్సిల్వేనియా శాక్సన్లు. ఎండ తగిలే కొండవాలులను మెట్లు మెట్లుగా మలిచి ద్రాక్ష పండించారు. తురుష్కుల దాడుల భయంతో చర్చి చుట్టూ మూడు ప్రాకారాలు కట్టుకున్నారు.

1524లో పూర్తయిన ఈ చర్చికి ఐదు వందల ఏళ్లు నిండాయి. బలిపీఠం వెనుక 28 చిత్రఫలకాలు కొలువుదీరాయి. విలువైన వస్తువులు దాచే గది తలుపుకు విచిత్రమైన తాళం ఉంది. ఒక్క తాళంచెవి తిప్పితే గడియలన్నీ ఒకేసారి కదులుతాయి. ఆ పనితనాన్ని 1900లో పారిస్ ప్రపంచ ప్రదర్శనలో జనం చూసి మెచ్చుకున్నారు.

సంస్కరణోద్యమంతో శాక్సన్లు లూథరన్లయ్యారు. 1572 నుంచి 1867 దాకా, బిషప్పు పీఠం సిబియు నగరానికి తరలేవరకు, వారి బిషప్పుల నివాసం ఈ పల్లెటూరే. కొందరి సమాధి ఫలకాలు ఇక్కడి బురుజులోనే ఉన్నాయి. అయితే నన్ను ఎక్కువగా కదిలించేది మరో బురుజు. పాత విశ్వాసంలోనే ఉండిపోయిన కాథలిక్కుల ప్రార్థనకు దాన్ని విడిచిపెట్టారు. శత్రువును ఆపడానికి గోడలు కట్టినవారే, భిన్నంగా ప్రార్థించే పొరుగువారికి ఆ గోడల లోపలే చోటిచ్చారు. బియెర్తాన్ వారసత్వంలో నాకు అన్నిటికన్నా గొప్పగా తోచేది ఇదే.

1989 తర్వాత శాక్సన్లలో అత్యధికులు జర్మనీకి వెళ్లిపోయారు. సంఘం చిక్కిపోయింది. 1993లో యునెస్కో ఈ ఊరిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఇప్పుడు ఊళ్లో ఉన్నవారిలో ఎక్కువమంది శాక్సన్లు కారు. ఆ గోడల బాగోగులు వారికీ సంబంధించినవే.

ఇంత దూరాన ఉన్న మనకూ ఈ ఊరితో సంబంధం ఉంది. 1842లో మిషనరీ ఫాదర్ హెయర్ గుంటూరుకు తెచ్చిన లూథరన్ సంప్రదాయానికి బియెర్తాన్ దూరపు బంధువు. కట్టినవారు వెళ్లిపోయినా కట్టడం నిలవాలంటే, ఇది మాది అనుకునే కొత్తవారు కావాలి. వారిని మనవారిగా చేర్చుకోవడమే ప్రతి సంఘమూ తన ఉత్సవ సంవత్సరంలో చేపట్టవలసిన మొదటి పని.