దలీప్ సింగ్ సౌంద్: పొలం నుంచి చట్టసభకు

వలస వెళ్ళిన రైతు కొత్త నేలలో నిలదొక్కుకోవడానికి నీరు, విత్తనం, పెట్టుబడి కావాలి. అక్కడి చట్టం అతన్ని ఏ పేరుతో పిలుస్తుందన్నది కూడా అంత ముఖ్యమే. భారతదేశంలో పుట్టి, కాలిఫోర్నియాలో సేద్యం చేసి, అమెరికా ప్రతినిధుల సభకు ఎన్నికైన దలీప్ సింగ్ సౌంద్ జీవితం ఇందుకు చక్కని నిదర్శనం.

సౌంద్ 1899లో పంజాబులోని అమృత్‌సర్ జిల్లాలో జన్మించారు. ఆహారపదార్థాలను నిల్వచేసే విద్య నేర్వాలని 1920లో అమెరికా వెళ్ళి, బర్క్‌లీ విశ్వవిద్యాలయంలో చేరారు. ఆ తరువాత గణితం వైపు మళ్ళి 1922లో ఎం.ఏ., 1924లో పిహెచ్.డి. పొందారు. అయినా 1925లో ఆయన చేరింది మెక్సికో సరిహద్దున ఉన్న ఇంపీరియల్ లోయకు. కొలరాడో నది నీటితో సాగులోకి వచ్చిన ఆ ఎడారి నేలలో పంజాబీ రైతులు అప్పటికే స్థిరపడి ఉన్నారు. ఆయన మొదట పత్తి తీసే కూలీల మీద మేస్త్రీగా పనిచేసి, తరువాత లెట్యూస్ అనే ఆకుకూర పండించే రైతు అయ్యారు.

డాక్టరేట్ పట్టా చేతికొచ్చినా పొలం పట్టా మాత్రం చేతికి రాలేదు. పౌరసత్వానికి అర్హత లేని విదేశీయులు భూమి కొనరాదని కాలిఫోర్నియా 1913లోనే శాసించింది. 1920లో కౌలుకు తీసుకోవడాన్నీ నిషేధించింది. అందువల్ల అక్కడి భారతీయ రైతులు నమ్మకమైన అమెరికన్ల పేరుమీదనో, అక్కడే పుట్టిన తమ పిల్లల పేరుమీదనో సేద్యం సాగించవలసి వచ్చింది.

మరి అర్హత ఎవరికి? 1790 నాటి చట్టం ప్రకారం 'స్వతంత్రులైన తెల్లవారికి'. 1870లో ఆఫ్రికా సంతతివారిని కూడా చేర్చారు. 1922లో ఓజావా అనే జపాన్ దేశీయుని కేసులో సుప్రీం కోర్టు 'తెల్లవారు' అంటే 'కాకేసియన్లు' అని అర్థం చెప్పింది. ఈ నిర్వచనాన్ని ఆధారం చేసుకొని, అమెరికా సైన్యంలో పనిచేసిన భగత్ సింగ్ థింద్, తాను ఆర్యుడననీ, కనుక కాకేసియన్‌ననీ వాదించారు. మూడు నెలలకే, 1923 ఫిబ్రవరిలో, అదే కోర్టు మాట మార్చింది. చట్టంలోని పదానికి శాస్త్రజ్ఞుల అర్థం కాదు, సామాన్యుల అర్థమే ప్రమాణమంది. 'ఆర్య' అన్నది భాషకు సంబంధించిన మాట అనీ, భాషల చుట్టరికం జాతుల చుట్టరికాన్ని రుజువు చేయదనీ చెప్పింది. భాషాశాస్త్రం దృష్ట్యా ఈ మాట నిజమే. కాని ఆ నిజాన్ని వాడుకున్నది హక్కులు తీసివేయడానికి. అంతకుముందు పౌరసత్వం పొందిన పలువురు భారతీయులు కూడా దాన్ని కోల్పోయారు. మరొక సంగతి గమనించాలి: థింద్ వాదన నెగ్గినా, ద్రావిడ భాషలు మాట్లాడే మనబోటివారికి అందులో చోటు దొరికేది కాదు. ఇదిలా ఉండగా 1920 నుంచి 1940 వరకు జరిగిన అమెరికా జనాభా లెక్కల్లో, మతంతో నిమిత్తం లేకుండా, భారతీయులందరినీ 'హిందూ' అనే జాతిగానే రాసుకున్నారు. సిక్కు అయిన సౌంద్ కూడా ఆ లెక్కలో హిందువే.

1930ల ఆర్థిక మాంద్యంలో సౌంద్ బాగా నష్టపోయారు. అయినా దివాలా ప్రకటించక, ఏళ్ళ తరబడి అప్పులు తీర్చారు. 1942లో ఇండియా అసోసియేషన్ ఆఫ్ అమెరికాకు అధ్యక్షులై పౌరసత్వ హక్కు కోసం కృషిచేశారు. 1946 జూలైలో లూస్-సెల్లర్ చట్టం భారతీయులకు ఆ హక్కు ఇచ్చింది. ఏటా వందమంది వలస రావడానికి అనుమతించింది. 1949 డిసెంబరులో సౌంద్ పౌరులయ్యారు. 1950 నవంబరులో స్థానిక న్యాయాధికారిగా ఎన్నికయ్యారు గాని, పౌరసత్వం వచ్చి ఏడాది నిండలేదని ఆ పదవి ఇవ్వలేదు. 1952లో మళ్ళీ నిలబడి గెలిచారు.

1956 నవంబరు 6న, ప్రఖ్యాత విమానచోదకురాలు జాక్వెలిన్ కాక్రన్‌ను ఓడించి ప్రతినిధుల సభకు ఎన్నికయ్యారు. సభ్యత్వానికి ఏడేళ్ళ పౌరసత్వం ఉండాలి. 1957 జనవరిలో సభలో చేరేనాటికి ఆ గడువు కొద్ది వారాల ముందే పూర్తయింది. తరువాత 1958, 1960 ఎన్నికల్లోనూ గెలిచి, విదేశాంగ వ్యవహారాల సంఘంలో పనిచేశారు. 1962లో పక్షవాతం రావడంతో ఆయన రాజకీయ జీవితం ముగిసింది. 1973లో కన్నుమూశారు.

ఆయన గెలిచిన రోజునే కాలిఫోర్నియా ఓటర్లు ఆ భూమి చట్టాన్ని కూడా రద్దుచేశారు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడి అప్పటికి అయిదు రోజులు. రాష్ట్రాల పునర్విభజనలో బళ్ళారి, హోసూరు, బరంపురం తెలుగువారు హద్దులకు ఆవల భాషాపరంగా అల్పసంఖ్యాకులుగా మిగిలారు. వారి బడులకు, పుస్తకాలకు వచ్చిన ఇబ్బందులు చిన్నవి కావు. కాని దేశంలో ఎక్కడైనా స్థిరపడే స్వేచ్ఛను రాజ్యాంగం 19వ అధికరణలోను, వయోజన ఓటుహక్కును 326వ అధికరణలోను వారికి ముందే ఇచ్చింది. ఆ రెంటి కోసమే సౌంద్ తరం రైతులు పాతికేళ్ళు ఎదురుచూడవలసి వచ్చింది. మన ఊళ్ళ వలస చరిత్రలు రాయబూనే విద్యార్థులు భూమి దస్తావేజులతోపాటు, అందులో రైతును ఏ మాటతో పేర్కొన్నారో కూడా చూడాలి.