పులిజూదానికి రూలు పుస్తకం లేదు

మా మనుమడు ఆడే వార్‌హ్యామర్ 40,000 ఆట 1987లో ఇంగ్లండులో పుట్టింది. 2023లో పదో ఎడిషన్ వచ్చింది. రూల్సు మారినాయి, కథలో టైరనిడ్లనే పురుగుల దండు మళ్ళీ దిగింది. పాత పుస్తకం అటకెక్కింది.

మేము తమిళ బడిలో చదివే రోజుల్లో సెలవులకు రాయచెర్లు వస్తే, బండ మీద బొగ్గుతో గీసి పులిజూదం ఆడేవాళ్ళం. అక్కడ దాన్ని ఆడుపులి ఆట్టం అంటారు. 3 పులులు, 15 మేకలు, 23 చోట్లు. మేకలన్నీ దిగేదాకా ఒక్కటీ కదలకూడదని మేము, కదలొచ్చని పక్క ఊరోళ్ళు. ఆ తగవుతో ఎన్ని ఆటలు ఆగినాయో! హంపి బండల మీద ఆటగీతలు నేటికీ ఉన్నాయి, రూలు మాత్రం ఎవరూ చెక్కలేదు.

మీ ఇంటి పెద్దలు ఏ రూలుతో ఆడేవాళ్ళో అడిగి, ఈ వారంలోనే ఇక్కడ రాయండి.