చెంబు, బొంగరము, చలనచిత్రము
అమెరికా దేశీయులగు చార్లెస్ ఈమ్స్, రే ఈమ్స్ దంపతులు 1952లో 'బ్లాక్‌టాప్' అను లఘుచిత్రమును తీసిరి. అందు కథ లేదు, పాత్రలు లేవు. బడి ఆవరణను కడుగునప్పుడు తారునేలపై సాగిన సబ్బునీరు, దాని నురుగు, వెనుక బాఖ్ సంగీతము. అంతియే. నిత్యము వాకిలి కడుగు మనలో ఆ నీటి నడకను నిలిచి చూచినవా రెందరు?

ఈ చూపుతోనే వారు భారత ప్రభుత్వ ఆహ్వానముపై వచ్చి, 1958 నాటి నివేదికలో లోటాను, అనగా మన చెంబును, మిక్కిలి కొనియాడిరి. పట్టుటకు, మోయుటకు, వంచుటకు, కడుగుటకు అది యెట్లు అనువైనదో విచారించిరి. ఆ రూపము ఒక్కని కల్పన కాదనియు, తరతరముల వాడుకలో తేలినదనియు వారి భావము. పొరుగు రాష్ట్రములందు స్థిరపడిన మన కుటుంబములు భాషను కాపాడుకొనుటకై పాటుపడినవి. పెద్దలనాటి చెంబులను మాత్రము తూకమునకు ఎన్ని అమ్మివైచినవో!

1969లో వెలువడిన 'టాప్స్' చిత్రమున బొంగరములే నాయకులు. వ్యాఖ్యానము లేదు. ఏడు నిమిషములపాటు దేశదేశముల బొంగరములు లేచి, తిరిగి, తూలి, ఒరిగిపోవును.