గతం కోసం పోరు

రాజ్యం కోసం, గోసంపద కోసం జరిగిన యుద్ధాలు మన ఇతిహాసాలకు కొత్త కావు. కాలం మీద ఆధిపత్యం కోసం సాగే యుద్ధాన్ని కథావస్తువుగా పెంచి పోషించినవి మాత్రం అమెరికన్ పల్ప్ పత్రికలు.

1938లో ‘అస్టౌండింగ్’ పత్రికలో జాక్ విలియమ్సన్ ‘ది లీజియన్ ఆఫ్ టైమ్’ ధారావాహికగా వెలువడింది. ఒక బాలుడు నేల మీది అయస్కాంతాన్ని ఏరుకుంటే ఒక భవిష్యత్తు, గులకరాయిని ఏరుకుంటే మరొకటి. ఉనికి కోసం ఆ రెండూ తలపడతాయి. ధర్మం ఎటువైపుందో పాఠకుడికి సందేహమే లేదు.

1958లో ఫ్రిట్జ్ లైబర్ ‘ది బిగ్ టైమ్’తో ఆ నిశ్చింతను హరించాడు. ఇక్కడి పక్షాలు సాలీళ్లు, సర్పాలు. తాము ఎందుకు పోరాడుతున్నామో సైనికులకే తెలియదు. మొదటి ప్రపంచయుద్ధంలో నేలకొరిగిన ఆంగ్ల కవి బ్రూస్, నాజీ అధికారి ఎరిక్, ప్రాచీన క్రీటు వీరవనిత అందరూ ఒకే జట్టు! కథంతా కాలానికి వెలుపలి ఒకే విశ్రాంతి మందిరంలో నడుస్తుంది. లైబర్ తల్లిదండ్రులు షేక్స్పియర్ నాటకాల నటులు. ఆ మందిరం రంగస్థలంలా తోచడం అందువల్లనేమో. యుద్ధాన్ని రణభూమి నుంచి కాక, క్షతగాత్రులు సేదతీరే చోటి నుంచి చూపడం వైద్యుడినైన నన్ను మరింత ఆకట్టుకుంది.

గతం మారిన ప్రతిసారీ ఎవరో ఒకరి స్వస్థలం మారిపోతుంది. తిరిగి వెళ్దామంటే తాము ఎరిగిన ఊరే ఉండదు. ప్రవాసులకు ఈ బాధ కొంత తెలుసు. వాళ్లకైతే ఆ ఊరు అసలు ఉండేదన్న సాక్ష్యం కూడా మిగలదు. ఇక పోరు మానేద్దామని బ్రూస్ తిరగబడతాడు. ఎరిక్ అణుబాంబును మీటి బెదిరిస్తాడు. ఆ గండం గడిచాక సైనికులు మళ్లీ మరో శతాబ్దపు యుద్ధానికి బయలుదేరతారు.