యాస మీద పడ్డ హెల్మెట్

2017 నవంబరు 27, సోమవారం. తెల్లారితే ప్రపంచ పారిశ్రామికవేత్తల సదస్సు. ఇవాంకా ట్రంప్ వస్తోందని హైదరాబాద్ రోడ్లకు కొత్త తారు పడింది. బిచ్చమెత్తడాన్ని రెండు నెలల పాటు నిషేధించారు. దొరికినవాళ్లను చంచల్‌గూడ, చర్లపల్లి జైళ్ల ఆవరణలోని ఆశ్రయాలకు తరలించారు. నగరం వాలకం చూస్తే టీవీలో తెలంగాణ యాసతో నవ్వించే బిత్తిరి సత్తికి వేరే స్క్రిప్టు అక్కర్లేదు.

ఆ సత్తి వీ6 చానల్ ఆఫీసు దగ్గర కారు దిగాడు. ఓ యువకుడు మీదికి ఉరికి, హెల్మెట్‌తో తల మీద బాదాడు. అక్కడివాళ్లు అతణ్ని పట్టుకుని పోలీసులకు అప్పగించారు. ఎందుకు కొట్టావంటే, తెలంగాణ యాసను కించపరుస్తున్నాడన్నాడు.

దెబ్బ తిన్నవాడి అసలు పేరు రవి. ఊరు చేవెళ్ల దగ్గరి పామెన. ఆ యాస ఆయన ఇంటి మాట.

అప్పట్లో వీ6 ‘తీన్మార్ వార్తలు’లో సావిత్రిగా శివజ్యోతి వార్త చెబుతుంటే సత్తి అడ్డం తగిలేవాడు. విన్నదాన్ని తలకిందులుగా అర్థం చేసుకుని, అదే నిజమని వాదించేవాడు. ఆమె కసిరేది. బిగుసుకున్న మొహాలతో ఇస్త్రీ తెలుగులో చదివే టీవీ వార్తల పటాటోపం అక్కడ గాలికి పోయేది. సినిమాల్లో రౌడీకీ కమెడియన్‌కీ వదిలేసిన యాస న్యూస్ రీడర్ కుర్చీ ఎక్కింది. కాకపోతే ఆ యాసలో పెత్తనం సావిత్రిది, బిత్తిరితనం సత్తిది. కొట్టినవాడికి రెండోదే కనబడింది.

అతని కోపం ఎక్కడిదో అఫ్జల్‌గంజ్‌లో కాసేపు నిలబడితే తెలుస్తుంది. 1891లో ఆసఫియా గ్రంథాలయంగా మొదలైన స్టేట్ సెంట్రల్ లైబ్రరీ అక్కడే ఉంది. లోపల పత్రికల్లో ఉండేది పుస్తకాల తెలుగు. దగ్గర్లోని ఉస్మానియా దవాఖాన ముందు మాత్రం పాలమూరు, వికారాబాద్ నుంచి వచ్చినవాళ్లు ‘చీటీ యాడ రాస్తరన్నా?’ అని అడుగుతుంటారు. రోగం, పైసలు, పొలం, పిల్లల చదువు అన్నీ ఆ యాసలోనే మాట్లాడుకుంటారు. అందులో నవ్వాల్సిందేమీ లేదు.

సత్తి కోలుకుని మళ్లీ తెర మీదికొచ్చాడు. 2019లో వీ6 వదిలి టీవీ9కి వెళ్లాడు. చానల్ మారినా వేషం అదే, నవ్వూ అదే. ఆ నవ్వు అయిపోగానే అసలు బులెటిన్ మాత్రం మళ్లీ ఇస్త్రీ తెలుగులోనే మొదలయ్యేది. నవ్వడానికొక తెలుగు, నమ్మడానికొక తెలుగు. నిలదీయాల్సింది ఈ పంపకాన్ని.