యూరపు నగరమునకు గైడు పుస్తకము



నరసరావుపేట, గురజాల, మాచర్ల ప్రాంతముల పిల్లలు చదువులకును కొలువులకును యూరపు చేరి, తలిదండ్రులను పది దినములకు రమ్మని పిలుచుట ఇప్పుడు వింత గాదు. పగలెల్ల పిల్లలు పనికి పోవుదురు. నగరము చూచుట పెద్దల వంతు. ఏ గైడు పుస్తకము కొనవలయునని అట్టివారు నన్నడుగుచుందురు. దీనికి జవాబు పుస్తకముల అంగడిలో కంటె చరిత్రలో ఎక్కువగా దొరకునని నా తలంపు.

ఈ విద్య మనకు కొత్తది కాదు. చెన్నపట్టణపు సుప్రీముకోర్టులో ద్విభాషిగా నుండిన ఏనుగుల వీరాస్వామయ్యగారు 1830 మే 18వ తేదీన కాశికి బయలుదేరి 1831 సెప్టెంబరు 3వ తేదీన తిరిగి వచ్చిరి. మజిలీ మజిలీకి దారి ఎట్టిది, నీళ్లు కలవా, అంగళ్లలో ఏమి దొరకును, దిగుటకు చోటున్నదా అని వ్రాసి, తమ మిత్రులగు కోమలేశ్వరపురము శ్రీనివాసపిళ్లగారికి పంపుచుండిరి. ఆ వ్రాతలే 1838లో ‘కాశీయాత్ర చరిత్ర’ యను పేర అచ్చయినవి. వీరాస్వామయ్యగారు అప్పటికే, 1836లో, గతించిరి.

ఆ 1836లోనే లండనులో జాన్ మరే యను ప్రచురణకర్త హాలండు, బెల్జియము, జర్మనీ దేశములకు పోవువారికై చేతిపుస్తకము నొకదానిని వెలువరించెను. కోబ్లెంజు పట్టణమున పుస్తక వర్తకుడగు కార్ల్ బెడేకరు ఆ దారినే పట్టి, చూడదగిన వానికి నక్షత్రపు గుర్తులు పెట్టుట వాడుక చేసెను. ఈ బెడేకరు మిలాను నగరపు పెద్ద చర్చి యెక్కునపుడు ఇరువది మెట్లకొక బఠాణీగింజను ఒక జేబులోనుండి మరియొక జేబులోనికి మార్చుచు లెక్కించెనని చెప్పుకొందురు. కథలో కల్పన యెంతయో గాని, గైడు వ్రాయువాడు చేయవలసిన పని అదియే. మోకాళ్లు నొచ్చువానికి ఆ మెట్ల లెక్కకంటె కావలసినదేమి?

ఇక ఎంచుకొను పద్ధతి. నేను చెప్పునది ఒక్కటే: ఆ ప్రచురణకర్తయే భారతదేశమునకు వేసిన సంపుటము నడిగి తీసికొని, నాగార్జునకొండ యని యున్న పుట తెరువుడు. పారిసు సంగతి మన మెరుగము గాని నాగార్జునకొండ మన పెరటిది. అచ్చటి శిథిలములు 1926లో బయల్పడినవి. 1927 మొదలు 1931 వరకు లాంగ్‌హర్స్టు దొర త్రవ్వించెను. 1955 డిసెంబరు 10న నాగార్జునసాగరమునకు శంకుస్థాపన జరిగెను. 1954 నుండి 1960 వరకు మరల త్రవ్వి, ముఖ్యమైన కట్టడములను కొండపైకిని అనుపునకును తరలించిరి. లోయ మునిగి కొండ ద్వీపమైనది. కావున 1940లో అచ్చయిన గైడు ఎంత నిజమైనదైనను, దానిని నమ్మినవాడు నేడు నీటి యొడ్డున నిలువవలసినదే. విజయపురి సౌత్ నుండి పడవ యెక్కవలెనని పుస్తకము చెప్పుచున్నదా? 2022 ఏప్రిల్ 4న పల్నాడు వేరు జిల్లా యైనను, ఇంకను గుంటూరు జిల్లాయనియే వ్రాయుచున్నదా? మన చోటిని గూర్చి తప్పు వ్రాసినవాడు పరాయిచోటిని గూర్చి ఒప్పు వ్రాయునను నమ్మకమేమి? రెండు సంపుటములకును వ్రాసినవారు వేరుగా నుందురనుట నిజమే. కాని సరిచూచి అచ్చు వేయించు యజమాని ఒక్కడే కదా.

అచ్చయిన సంవత్సరమును తప్పక చూడవలెను. పారిసు నగరపు నోత్రుదాము చర్చి 2019 ఏప్రిల్ 15న అంటుకొని, 2024 డిసెంబరులో గాని మరల తెరువబడలేదు. నడుమ అచ్చయిన పుస్తకము మూసియున్నదనును. అంతకు మునుపటిది అగ్నిప్రమాదము మాటయే యెత్తదు. 2001 నాటి పుస్తకమైనచో వెలలు ఫ్రాంకులలో నుండును. 2002 జనవరి 1 నుండి అచట చేతులు మారునది యూరో నాణెము.

మరేగారి పుస్తకములు ఇంగ్లీషు ప్రయాణికుల అవసరముల నెరిగి వ్రాసినవి. మన యవసరములు వేరు. మాంసము లేని భోజనమెక్కడ, కూర్చుండుటకు బల్లయెక్కడ, మరుగుదొడ్డి యెక్కడ అని చెప్పనిది, బొమ్మలెన్ని యున్నను, నేను కొనను. పారిసులో 1900లో మొదలైన భూగర్భపు రైలుకు నేటికిని పెక్కు స్టేషనులలో లిఫ్టు లేదు. ఈ సంగతి తెలుపక రైలెక్కుడని మాత్రము చెప్పు పుస్తకము యువకులకు పనికివచ్చును గాని మనకు గాదు.

దేశమంతటికిని వేసిన లావు సంపుటము వలదు. పది దినములకు ఒక నగరపు పుస్తకమే చాలును. అదియు పంచె మడతలోనో సంచిలోనో ఇమిడి, అక్షరములు కంటద్దములకు అందునంత పెద్దవైనదే కొనుడు.