పడవమీది పానశాల



ఒక గ్రామములో మద్యపు దుకాణము పెట్టవలెనన్నచో మొదట పుట్టు ప్రశ్న, ఎక్కడ అని. గుడి ప్రక్కనా, బడి యెదుటనా, సంతవీధిలోనా? ఆ చోటు తెలిసినపిమ్మట గదా దానివలన బాధపడువా రెవరో, అడ్డుచెప్పదగినవా రెవరో తెలియుట! లైసెన్సు పత్రములో అమ్మువాని పేరెంత ముఖ్యమో, వాని గుమ్మము ఏ వీధిలో నున్నదనుటయు నంత ముఖ్యము. ఇక ఆ దుకాణమునకు వీధియే లేక, ప్రొద్దున నొక రేవునను, మధ్యాహ్నము వేరొక రేవునను, సాయంకాలము మరల మొదటి రేవునను ఉండెనేని దాని కిరుగుపొరుగు లెవరు? అడ్డుచెప్పవలసినవాడు ఎచ్చట నిలిచి చెప్పవలెను?

ప్రయాణికుల పడవలమీద మద్యము విక్రయించు విషయమున బ్రిటిషు శాసనములు ఈ చిక్కులో నూటడెబ్బదియైదేండ్లకు పైగా తగులుకొని యుండెను. ఆ కథ మిక్కిలి రసవత్తరముగా నడచిన చోటు స్కాట్లండు దేశములోని క్లైడు నది.

గ్లాస్గో నగరము ఆ నదియొడ్డున నున్నది. నగరము దాటి పడమరగా పోయినకొలది నది వెడల్పై సముద్రములో కలియును. అచ్చట గ్రీనాక్, డనూన్, రాత్‌సే మొదలగు రేవులును, ఆరన్ దీవియు కలవు. 1812లో హెన్రీ బెల్ అనునాయన "కామెట్" అను ఆవిరిపడవను ఈ నదిలో నడిపెను. ఐరోపాలో ప్రయాణికులను కూలికి చేరవేసి నిలద్రొక్కుకొన్న మొదటి ఆవిరిపడవ అదియే. తరువాతి నలుబదియేండ్లలో ఆ నది నిండ స్టీమరులే. గ్లాస్గోలో నూలుమిల్లులు, ఇనుపకొలుములు, ఓడలు కట్టు కర్మాగారములు పెరిగెను. వానిలో పనిచేయు జనము పొగలోనే పుట్టి పొగలోనే పెరుగుచుండిరి. వారికి వారమునకు పూర్తిగా చిక్కిన విరామదినము ఆదివారమొక్కటే. ఆ దినమున స్వల్పమైన కూలికి స్టీమరెక్కి కొండలను, నీలపునీటిని చూచి, నాలుగు గ్రుక్కల మంచిగాలి పీల్చి రావచ్చును. రాజమహేంద్రవరమునుండి లాంచిమీద పాపికొండలు చూచివచ్చినవారి కా సుఖమెట్టిదో నేను వర్ణింప నక్కరలేదు.

ఇక శాసనముల సంగతి. 1828వ సంవత్సరమున పార్లమెంటువారు రెండు చట్టములు చేసిరి. మొదటిది స్కాట్లండులోని సత్రములకును పానశాలలకును సంబంధించినది. దాని ప్రకారము దుకాణము పెట్టగోరువాడు మొదట స్థానిక న్యాయాధికారులయొద్దకు పోయి యోగ్యతాపత్రము సంపాదింపవలెను. పట్టణములలో మేజిస్ట్రేటులును, పల్లెలలో శాంతిన్యాయాధిపతులును కూర్చుండి, వీడెట్టివాడు, ఈ చోట దుకాణ మవసరమా అని విచారింతురు. పత్రము చేతికి వచ్చినపిమ్మటనే సుంకపుశాఖవారు రుసుము గైకొని లైసెన్సు ఇత్తురు. కావున గడపలు రెండు: ఊరి పెద్దల దొకటి, ఖజానాది రెండవది.

రెండవ చట్టము ప్రయాణికులను కొనిపోవు పడవలకు చేయబడినది. ఇచ్చట గడప ఒక్కటే. సుంకపుశాఖకు రుసుము చెల్లించినచో ఆ పడవమీద మద్యము, పొగాకు మొదలగు సుంకపు సరకులను ప్రయాణికులకు విక్రయింపవచ్చును. న్యాయాధికారుల యోగ్యతాపత్రముతో పనిలేదు. ఇందులో కుట్ర యేమియు లేదనియే నా యభిప్రాయము. ఓడ అనగా ఆ కాలమువారి తలంపులో లివర్‌పూలునుండి డబ్లినుకు రాత్రియెల్ల సముద్రముమీద పోవునది. అలసి చలికి వడకు ప్రయాణికునకు రొట్టెతోబాటు ఒక గిన్నెడు సారాయి ఇచ్చుటకు ఏ గ్రామమువారి అనుమతి అడుగవలెను? నడుసముద్రములో గ్రామమెక్కడిది? అందుచేత పడవమీది మద్యము ఖజానాకు రాబడిగా మాత్రమే కనబడినది, ఎవనికిని పొరుగుగా కనబడలేదు. 1993లో సారా నిషేధము వచ్చువరకు మన జిల్లాలలో సారా పాటలు జరిగిన తీరెరిగిన పెద్దలకు, పాట పాడినవాని సొమ్మును లెక్కించుటకును, దుకాణము వచ్చు ఊరివారిని అడుగుటకును గల భేదము చక్కగా తెలియును.

ఇట్లు పాతికేండ్లు గడచెను. 1853లో ఫార్బ్స్ మెకెంజీ అను సభ్యుని పేర ప్రసిద్ధమైన చట్టము స్కాట్లండునకు వచ్చెను. ఆదివారమున పానశాలలు పూర్తిగా మూయవలెను. తక్కిన దినములలో రాత్రి పదునొకండు గంటలకు తలుపు వేయవలెను. హోటళ్లలో మాత్రము నిజమైన బాటసారులకు ఆదివారమున కూడ మద్యమీయవచ్చును. ఈ "నిజమైన బాటసారి" అను మాట ఎన్ని చమత్కారములకు మూలమైనదో చెప్పనలవికాదు. ప్రక్క యూరికి కాలినడకను పోయి, నేను ప్రయాణములో నున్నానని హోటలువానికి చెప్పినవారు లెక్కకు మిక్కిలి.

ఈ చట్టము నేలమీది ఇండ్లకు మాత్రమే వర్తించినది. పడవలకు 1828నాటి సుంకపు లైసెన్సే ప్రమాణము. దానిలో ఆదివారము మాటయే లేదు. కావున గ్లాస్గోలో వీధివీధిని తలుపులు మూసియున్న దినమున, బ్రూమీలా రేవులో కట్టిన స్టీమరుమీద మాత్రము పానశాల తెరచియుండెను. ప్రయాణికుడు కొండలను చూచుటకు ఎక్కెనో, గిన్నెను చూచుటకు ఎక్కెనో ఎవరు చెప్పగలరు? కొందరు తీరముల సొగసు చూడకయే పోయి, చూడకయే మరలి వచ్చిరట. త్రాగి తూలువానిని స్కాట్లండువారు నేటికిని "ఆవిరిలో నున్నా"డను అర్థమిచ్చు మాటతో పిలుతురు. ఆ మాట ఈ ఆవిరిపడవలనుండియే పుట్టినదని జనులు చెప్పుకొందురు. భాషావేత్తలు ఒప్పుకొన్నను లేకున్నను జనుల జ్ఞాపకములో ఆ పడవ లెట్లు నిలిచినవో దానివలన తెలియును.

రేవుల సమీపమున నున్నవారు దీనిని సహించిరా? సహింపలేదు. కాని వారికి దరఖాస్తు పెట్టుకొను చోటు లేదు. 1853లోనే గేర్‌లాక్‌హెడ్ అను రేవులో, లస్ భూస్వామియగు సర్ జేమ్స్ కొహూన్ గారు "ఎంపెరర్" అను ఆదివారపు స్టీమరు రాకుండ తన మనుష్యులచేత ధక్కాకు అడ్డుకట్టలు కట్టించెను. పడవలోనివారు వానిని త్రోసికొని దిగిరి. పెద్ద కొట్లాట జరిగి, అటుపిమ్మట వ్యవహారము న్యాయస్థానమున కెక్కెను. ఆయన అభ్యంతరము ప్రధానముగా ఆదివారపు పవిత్రతనుగూర్చినదే గాని మద్యమునుగూర్చినది కాదు. అయినను ఒక సంగతి గమనింపుడు: పడవతో పోరాడదలచినవానికి చిక్కిన స్థలము ధక్కా యొక్కటే. పడవ తాకెడు నేల అదియే గదా.

ఇందులో న్యాయము ఎవరి పక్షమున నున్నదని అడిగినచో నేను తొందరపడి చెప్పజాలను. గ్రీనాక్ నివాసియగు జాన్ డన్‌లప్ 1829లోనే స్కాట్లండులో మితపాన సంఘములను ప్రారంభించెను. ఆ ఉద్యమమువారు చెప్పినది కల్ల కాదు. శనివారమున చేతికి వచ్చిన కూలిడబ్బు ఆదివారము రాత్రికి నదిలో కలిసిపోయిన ఇండ్లలో సోమవారమున పొయ్యి వెలిగించు ఇల్లాలి గతి మన స్త్రీలు చెప్పవలెను గాని నేను చెప్పునది కాదు. కాని కూలివాని మాటయు వినవలెను. ధనవంతునకు ఇంటిలో సారాయి కొట్టుండెను. అతడు ఆదివారమున తన సొంత నావమీద త్రాగుచు విహరించినను అడుగువాడు లేడు. పేదవానికి నావయు లేదు, కొట్టును లేదు, ఆ స్టీమరొక్కటే యుండెను. దానిమీదనే అందరి కన్నును పడెను. ఇది అన్యాయమని వాడు తలచుటలో తప్పు లేదు.

ఈ తగవు నడుచుచుండగా ఒక వ్యాపారి చేయగలిగిన పరిష్కారమును కెప్టెన్ జేమ్స్ విలియమ్సన్ చేసి చూపెను. 1880లో ఆయన నాయకత్వమున "ఐవాన్‌హో" అను క్రొత్త స్టీమరు ఆరన్ దీవికి నడవసాగెను. అందులో ఒక చుక్కయైనను మద్యము అమ్మరు. లాభములో అధికభాగమును పానశాలనుండి తీయుట కలవాటుపడిన వర్తకులు ఇది యొక వేసవియైన నిలువదని నవ్విరట. కాని మంచి భోజనము, శుభ్రమైన గదులు, ఒక్కతీరు దుస్తులు ధరించిన పనివారు, సంగీతము, ఇవి చూచి కుటుంబములతో ప్రయాణము చేయువారు ఆ పడవనే వెదకికొనిరి. అది చాలయేండ్లు అదే నియమముతో లాభముగా నడచెను. తమ సీసాను తామే జేబులో తెచ్చుకొన్నవారు లేకపోలేదు. జేబులు తడవుట కెప్టెను పని కాదు గదా.

తుదకు 1882లో పార్లమెంటు మేల్కొని, స్కాట్లండు ప్రయాణికుల పడవల లైసెన్సులను సవరించు చట్టము చేసెను. ఆదివారమున బయలుదేరి ఆ దినముననే తిరిగి అదే రేవు చేరు విహారపడవలలో మద్యము అమ్మరాదని దాని సారాంశము. దానితో ఆదివారపు పడవల సందడి సన్నగిల్లెను. కొండలను చూచుటకే ఎక్కినవా రెందరో అప్పుడు తేలిపోయినది.

కాని ఈ చట్టము కన్నమును పూడ్చినదే గాని గోడను కట్టలేదు. అది నిషేధించినది ఒక దినమును మాత్రమే. పడవకు లైసెన్సు ఎవరియ్యవలెను, ఎవరిని అడిగి ఇయ్యవలెను అను మూలప్రశ్నను అది తాకనేలేదు. వారములోని తక్కిన ఆరు దినములును సుంకపుశాఖ రశీదు చాలును.

ఇరువదవ శతాబ్దమున ఇంగ్లండులో ఈ సడలింపు ఇంకను విచిత్రమైన స్థితికి వచ్చెను. 1964నాటి లైసెన్సుల చట్టము, అన్నపానీయము లియ్యదగిన ఏర్పాటుగల పడవలో ప్రయాణికులకు మద్యము విక్రయించుటకు న్యాయాధికారుల లైసెన్సు అక్కరలేదని స్పష్టముగా చెప్పెను. పిమ్మట 1967లో మద్యపు చిల్లర వర్తకులు ఖజానానుండి పొందవలసిన సుంకపు లైసెన్సులే రద్దయ్యెను. గడపలు రెండును పోయెను. లండను నగరపు నడిబొడ్డున థేమ్సు నదిమీద అర్ధరాత్రివరకు పాటలతో, నాట్యముతో తిరుగు పడవలో మద్యము అమ్ముటకు లైసెన్సు లేకపోయినను తప్పు లేదు. ఒడ్డుననున్న చిన్న దుకాణమువాడు మాత్రము గంట దాటిన శిక్షార్హుడు.

2003వ సంవత్సరపు చట్టము ఈ వింతను తొలగించెను. అది 2005 నవంబరు 24న పూర్తిగా అమలులోనికి వచ్చెను. స్కాట్లండునకు వేరుగా చేసిన చట్టము 2009 సెప్టెంబరు 1న అమలయ్యెను. నేను మొదట అడిగిన ప్రశ్నకు ఇంగ్లండు చట్టము చెప్పిన సమాధానము మిక్కిలి సులభమైనది: పడవ సాధారణముగా ఏ రేవులో కట్టబడునో అదియే దాని చిరునామా. నది పొడవున నెన్ని ఊళ్లు దాటినను, ఎక్కడ గిన్నె నింపినను, శాసనము కంటికి ఆ పానశాల ఆ రేవులోనే యున్నట్లు. ఆ రేవు ఏ స్థానిక మండలి పరిధిలో నున్నదో ఆ మండలియే లైసెన్సు నియ్యవలెను. పోలీసువారు, అగ్నిమాపకశాఖవారు మొదలగువారికే గాక, నౌకాయానపు అధికారులకును దరఖాస్తు ప్రతిని పంపవలెను. ప్రజలు చూచునట్లు ప్రకటన చేయవలెను. పరదేశమునకు పోవు ఓడలకు మాత్రము ఈ నియమము లేదు.

ఒక లోటు మిగిలెను. మొదట ఈ చట్టము ప్రకారము అభ్యంతరము చెప్పుటకు, దుకాణమునకు సమీపమున నున్నవారికే అధికారము. పడవ విషయమున సమీప మనగా అది కట్టబడు రేవు. కాని త్రాగినవారు దిగి కేకలు వేయునది వేరొక రేవున గదా! 2012 ఏప్రిలులో అమలులోనికి వచ్చిన సవరణ ఈ సమీపపు నిబంధనను తీసివేసెను. అప్పటినుండి నది దిగువను పది మైళ్ల దూరములో ధక్కా ప్రక్కన కాపురమున్నవాడైనను, ఇరువదియెనిమిది దినముల గడువులోగా మండలికి ఉత్తరము వ్రాయవచ్చును. నేరములు, ప్రజల క్షేమము, ఇరుగుపొరుగువారి కుపద్రవము, పిల్లలకు హాని, ఈ నాలుగింటిలో నొకదానిని చూపి వ్రాసినచో, మండలివారు దానిని తప్పక పరిశీలింపవలెను.